నలభై ఒకటో పేజీ

లాత్వియాలో త్సేసిస్ ఊరి గ్రంథాలయం, వెనక గది.
వెల్టా చిరిగిన పుస్తకాలకు కుట్లు వేస్తుంది.

ఇవాళ బల్లెక్కింది పిల్లల పూల పుస్తకం.
వెన్ను విరిగింది.
నలభై ఒకటో పేజీలో
డైసీ బొమ్మ మీదే నిజం డైసీ,
టీ మరక రంగులో.

ఎవరో రేకులు తుంచుతూ పోయారు
ప్రేమిస్తాడు, ప్రేమించడు, ప్రేమిస్తాడు, ప్రేమించడు
ఒక్క రేకు మిగిలుండగా ఆగిపోయారు.

జవాబు తెలిసిపోయిందనా?
లేక, ఆవుకి పాలు తియ్యమని
అమ్మ కేకేసిందా?

చీటీ మీద తేదీ జూన్ ఇరవై మూడు.
తలకి పూలదండలతో, మంటల చుట్టూ
ఊరు నిద్రపోని రాత్రి.
పుస్తకం తిరిగొచ్చింది మాత్రం పన్నెండేళ్ళకి.
జరిమానా కట్టిన గుర్తు లేదు.

లోపల దొరికినవి పారేయాలని నిబంధన.
వెల్టా పట్టకారు అందుకుంది,
ఊపిరి బిగబట్టి
ఆ రేకు కింద
చుక్కంత జిగురు పెట్టింది.