నవ్వు కోసం ఆగే చోటు

పదకొండేళ్లు అతని బూట్లనే చూశాను నేను.
స్టేజి ముందంచున, నేలలోకి దిగిన గూట్లో కూర్చుని
మరిచిన మాట అందించడం నా ఉద్యోగం.
ఎవారిస్తో పౌతాస్సో మాట మరిచేవాడు కాదు,
మింగేవాడు.
కావాలనే మింగి, ఎడమ మడమ పైకెత్తి,
హాలు దద్దరిల్లేదాకా ఆగేవాడు.
ఆ ఆగడమే అతని ఆస్తి.
నాలుగు లెక్కపెడితే కిసుక్కుమనేవాళ్లు,
ఏడైతే టోపీలు ఎగిరేవి.

తూరిన్‌లో ఆ చలికాలం మా థియేటర్‌కి తాళం పడింది.
పో నది అవతల, గాజు కప్పున్న షెడ్డులో
రోజుకి పది లీరాలు, భోజనం వేరే, అన్నారు.
మాటలు అక్కర్లేదని కూడా అన్నారు,
అదేదో రాయితీ ఇచ్చినట్టు.

మొదటిరోజు ఎర్రముక్కు పెట్టుకుని వచ్చాడు.
కెమెరా తిప్పే బత్తిస్తా పడీ పడీ నవ్వి
"ఫిల్ముకి ఎరుపు తెలీదు, నల్లగా పడుతుంది,
బొగ్గు కరిచిన కుక్కలా ఉంటావు" అన్నాడు.
"నీ నీలికళ్లు కూడా తెల్లబోతాయి."
అవి అప్పుడే తెల్లబోయి ఉన్నాయి.

బత్తిస్తా పిడి తిప్పుతూ, వేగం చెడకుండా
ఏదో బ్యాండు పాట కూనిరాగం తీస్తున్నాడు.
ఎవారిస్తో నీళ్లతొట్టిలో పడ్డాడు.
లేచి, నోరు తెరిచి పాత మాట సగం అన్నాడు,
తడి మడమ ఎత్తి
ఆగాడు.
వడ్రంగులు మేకులు కొడుతూనే ఉన్నారు.
పక్క సెట్టులో రోము నగరం తగలబడుతోంది.
అద్దెకి తెచ్చిన గాడిద ఒక్కటే తుమ్మింది.
"ఎందుకాగావు? మీటరు ఫిల్ము ఎంతో తెలుసా?"
డైరెక్టరు గావుకేక.

నాకిక్కడ పనిలేదని అప్పుడు గుర్తొచ్చింది అందరికీ.
నేను వెళ్లలేదు.
కెమెరా కాళ్ల పక్కన గొంతుక్కూర్చుని
వేళ్లతో లెక్క చూపించాను:
ఒకటి, రెండు, ఇక పడు.
నిచ్చెన మీంచి, సైకిలు మీంచి, ఒకసారి పెళ్లికూతురి మీంచి
పడుతూనే ఉన్నాడు వసంతమంతా.
రాత్రిళ్లు గ్రాపా మోకాలికి కొంత, గొంతుకి కొంత.

మే నెలలో, కార్ల ఫ్యాక్టరీ వాళ్లు వెళ్లే హాలుకి వెళ్లాం.
బెంచీలు, పియానో, నారింజతొక్కల వాసన.
తెర మీద బూడిదరంగు మనిషి తొట్టిలోంచి లేచాడు.
ఆ ముక్క కత్తిరించలేదు, ఎందుకో మరి.
గూటి కప్పు అడ్డొచ్చి ఇన్నేళ్లూ నాకు కనబడని ముఖం అది:
ఎవరో తలుపు తడుతుంటే
లోపల ఊపిరి బిగబట్టిన అప్పులవాడి ముఖం.
హాలంతా ఒక్కసారి ఘొల్లుమంది.
గాడిద తుమ్మినందుకు.

పక్కన, చీకట్లో, మెల్లగా
ఆ మిగిలిన సగం మాట అన్నాడు ఎవారిస్తో.
ముందు బెంచీలో పిల్లాణ్ణి ఎత్తుకున్నామె వెనక్కి తిరిగి
"ష్! సినిమా చూడనివ్వండి" అంది.
మాట మింగాడు.
బెంచీ కింద ఎడమ మడమ లేచింది.
అలవాటుకొద్దీ లెక్కపెట్టాను.
ఏడు దాటింది.
పన్నెండు దగ్గర రీలు మారింది.