భోజనశాల, పడమటి గోడ

బంగారుపాళెం దాటినాక రోడ్డు వారగా
మామిడి గుజ్జు ఫ్యాక్టరీ.
గేటు లోపలికి పోతే చాలు
తోతాపురి వాసన చొక్కాకు అంటుకుని
మూడు ఉతుకులకు కూడా వదలదు.

క్యాంటీన్ కాంట్రాక్టరు దొరవేలు ఫోన్ చేశాడు:
"ఏమప్పా గజపతీ, బ్రష్షులు ఉండాయా, ఎండిపోయినాయా?"
పదకొండేళ్లయింది ఆ మాట ఎవరైనా అడిగి.
ఫ్లెక్సులు వచ్చిన ఏడాదే
అవి కిరసనాయిలు డబ్బాలో తలకిందులుగా
తపస్సుకు కూచున్నాయి.

గోడ మీద అప్పటికే ఒక స్టిక్కరు.
బెంగళూరు నుంచి చుట్టగా చుట్టుకుని వచ్చింది.
అక్షరాలు మనవే,
దారిలో ఎక్కడో కంప్యూటరు
ఒత్తులన్నీ ఊడబెరికింది.
అన్నం అని ఉండాల్సిన చోట
ఒక న, దాని నెత్తిన పొల్లు, పక్కన ఇంకో న,
బస్సులో ఒకే సీటు దొరకని మొగుడూ పెళ్లాల్లాగా
ఎడంగా నిలబడి ఉన్నాయి.
నెల రోజులు ఎవరూ పట్టుకోలేదంట.
చదివేవాళ్లు మేడ మీద ఏసీ గదిలో తింటారు.
ఇక్కడ తినేవాళ్లలో సగం మందికి
అక్షరాలంటే రేషన్ కార్డు మీది చీమలు.

మేనేజరు కాగితం ఇచ్చాడు.
"ఆహారాన్ని వృథా చేయరాదు."
రెండడుగుల అక్షరం, ఎర్ర రంగు.
సరే అని నూలుదారానికి నీలిపొడి పూసి
ఈ మూల నుంచి ఆ మూలకు బిగబట్టి
టప్పున వదిలాను.
గీత పడింది.
మనసు పడలేదు.

పన్నెండున్నరకు గంట.
రబ్బరు బూట్లు వాకిట్లో విడిచి ఆడవాళ్లు వచ్చారు,
మోచేతుల దాకా పసుపు,
సొన తగిలి పొక్కిన ముంజేతులు.
టిఫిన్ డబ్బాల్లో సంగటి, ఊరుబిండి,
దాని మీదికి క్యాంటీన్ వాళ్ల నీళ్ల సాంబారు.
వృథా చెయ్యను వీళ్ల దగ్గర ఏముందని?
కంచాలు తుడిచిన తీరు చూస్తే
కడిగేదానికి కూడా ఏమీ మిగల్చలేదు.

మొగిలమ్మ అని ఒకామె, తవణంపల్లె పక్క మనిషి,
నిచ్చెన కింద ఆగింది.
గోడ వైపు చూడలేదు. నన్ను చూసింది.
"తింటివా, అన్నా?"
లేదమ్మా అన్నాను.
ముద్దలో సగం తుంచి డబ్బా మూతలో పెట్టి
ఒక మెట్టు పైకెక్కి అందించింది.

కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాను.
తడిగుడ్డతో నీలిగీత తుడిచాను.
ఎరుపులో పసుపు పోసి కలిపాను
తోతాపురి బుగ్గ మీది రంగు వచ్చేదాకా.

తి. పొట్ట నుంచి మొదలుపెట్టాలి, ఏ త అయినా అంతే.
సున్నకు కంపాసు పెట్టలేదు,
క్యాంటీన్ కంచం గోడకు బోర్లించి చుట్టూ గీశాను.
టి. ఈ ఒక్క మాటలో రెండు గుళ్లు,
దర్శనానికి క్యూ లేదు, టికెట్టు లేదు.
వా దగ్గర దీర్ఘాన్ని లాగాను, లాగాను,
కిటికీ చెక్క తగిలేదాకా.
ప్రశ్నగుర్తు పెట్టలేదు.
అడిగే పని దీర్ఘమే చూసుకుంటుంది.

"ఇదేం తెలుగయ్యా, తిన్నారా అని కదా ఉండాలి?"
మేనేజరుది ఏలూరు.
దొరవేలు మధ్యలో దూరాడు:
"సార్, మా పక్క అమ్మ అట్లనే అడుగుతుంది."
డబ్బులు మాత్రం సగమే ఇచ్చారు.

మిగతా సగం కోసం ఆగస్టులో పోయినాను.
సీజన్ అయిపోయింది. మిషన్లకు గోనెపట్టాలు కప్పి ఉన్నాయి.
హాల్లో బెంచీల మీద బెంచీలు.
టి కింద, వా కింద వరసగా
ఆనుకున్న తలల కొబ్బరినూనె మరకలు,
ఒక్కో మరక ఒక్కో ఎత్తులో.
ఏ మరక మొగిలమ్మదో.
ఇప్పుడు ఎక్కడ, ఏ కూలికి పోతా ఉందో.

కాషియరు లేడు, సోమవారం రమ్మన్నారు.
ఖాళీ గదిలో గోడ అడుగుతానే ఉంది,
నేను రాసిన మాటే, నన్ను.
పొద్దున ఒక టీ తాగి బయల్దేరినవాణ్ణి,
రెండు గంటలు దాటింది.

సిగ్గేసింది.
ఊ అని అబద్ధం చెప్పి
తలుపు దగ్గరకు వేసి వచ్చాను.