సగం కాళ్ళ ఖరీదు

ఆదివారం మధ్యాహ్నం
వంటింటి రేడియో మీద అమ్మ
తడి చెయ్యి ఆనించేది,
జ్వరం చూసినట్టు.

గోలు కొట్టినవాడి పేరు వినపడుతుంది.
ఆపినవాడి పేరూ వినపడుతుంది.
కొట్టినవాడికి బంతి ఇచ్చినవాడికి
ఇచ్చినవాడు మా అన్న.
అక్కడికొచ్చేసరికి అనౌన్సరు
ఊపిరి పీల్చుకుంటాడు.
ఆ ఊపిరే మన లోరిస్ అని
అమ్మకి నేనే చెప్పాను.

పో నది సముద్రంలో కలిసే చోటు మాది.
నవంబరు వస్తే
పక్కింటి దీపం కూడా పరాయి ఊరే.
చేపల మార్కెట్టు వెనక సిమెంటు గచ్చు,
కరిగిన ఐసు, పొలుసులు, జారుడు.
పరిగెత్తినవాడు పడతాడక్కడ.
ముందే చూసి నిలబడ్డవాడి కాళ్ళ దగ్గరికి
బంతి పెంపుడు కుక్కలా వస్తుంది.
పదేళ్ళకే అది కనిపెట్టాడు.
తర్వాత ఇరవై ఏళ్ళూ
జీతం తీసుకుని ఆడిందీ అదే.

పద్దెనిమిదో ఏట రెండు క్లబ్బులు కొన్నాయి,
చెరి సగం.
అప్పట్లో అది మామూలే.
ఏ కాలు ఎవరిదో కాగితంలో రాయలేదు.
మరి అన్నం ఎవరు పెడతారని అమ్మ అడిగింది.

కర్రారాలో రెండేళ్ళు.
గాలి వీస్తే పాలరాతి దుమ్ము,
మ్యాచ్ అయ్యేసరికి పిండిమరలోంచి వచ్చినట్టుండేవాడట.
కొసెంజాలో ఒక చలికాలం.
ఇంటావిడ ఇమ్మకొలాత
పండుమిరప కారం నూనెలో ఊరేసి సీసాతో పంపింది.
మా అమ్మ ఒక చుక్క నాలిక మీద వేసుకుని
సీసాని మందుల పక్కన పెట్టింది.

జూన్‌లో ఆ రెండు క్లబ్బులకీ పడలేదు.
ఎవరు ఎక్కువ రాస్తే వాళ్ళకి రెండు కాళ్ళూ.
సీలు వేసిన కవర్లు మిలాన్‌లో విప్పుతుంటే
అన్న పడవ కింద పడుకుని
నాన్న మోటారు బాగుచేస్తున్నాడు.
సాయంత్రం ఫోనొచ్చింది.
ఒక కవర్లో చిన్న అంకె.
రెండోది ఖాళీ.
చేతికంటిన గ్రీజు తుడవకుండానే విన్నాడు,
రిసీవర్ మీద ఆ మరక ఇప్పటికీ ఉంది.
'ఆ డబ్బుకి కొత్త మోటారొస్తుందిరా' అన్నాడు నాన్న.
'మరి నువ్వూ ఒక కవరు పంపాల్సింది' అన్నాడు వీడు.
ఇద్దరూ నవ్వారు.
నాన్న ముందుగా ఆపాడు.

పెద్ద లీగులో పదకొండు మ్యాచ్‌లు.
పదకొండే.
పన్నెండోది అనుకోకండి, అందులో
పంతొమ్మిది నిమిషాలే ఉన్నాడు.
ఆ రోజు రేడియోలో మొదటిసారి
బెదెందో, అన్నారు.
అమ్మ నన్ను చూసి కళ్ళెగరేసింది.
బెదెందో, మళ్ళీ.
చెంచా పట్టుకునే సిలువ గుర్తు వేసుకుంది.
మూడోసారి బెదెందో అన్నప్పుడు
గొంతు తగ్గించి అన్నాడు ఆయన.
ఎనభై వేలమంది ఒకేసారి కూర్చున్న చప్పుడు.
అమ్మ రేడియో మీంచి చెయ్యి తీసేసింది.
తడి గుర్తు కాసేపుండి ఆరిపోయింది.

మోకాల్లో మూడు మరలు.
తర్వాత అద్దెకి, తర్వాత ఉచితంగా,
చివరికి మంగళ గురువారాల్లో మాత్రం
ఒక ఇటుకబట్టీ యజమాని జట్టుకి.
ముప్ఫై ఎనిమిదో ఏట
బూట్లు తెచ్చి పడవలో పారేశాడు.
వాటిలో నాన్న మేకులు దాచుకున్నాడు.

ఇప్పుడు నడుములోతు నీళ్ళలో
ఆల్చిప్పలు తోడతాడు.
వాన రావడం మా అందరికంటే ముందు
ఆ మోకాలికి తెలుస్తుంది.
మార్కెట్టు వెనక పిల్లలు అడుగుతారు,
మొత్తం ఎన్ని గోల్సని.
తొమ్మిది అంటాడు.
రెండు మనవాళ్ళ మీదే, అని కలుపుతాడు,
ఎవరూ అడక్కుండానే.

నిన్న భోజనాల దగ్గర
పులుసు చప్పగా ఉందని నాకు అనిపించింది.
పైకి అనలేదు.
తల తిప్పేసరికి ఉప్పుడబ్బా
నా చేతికింద ఉంది.
లోరిస్ అటువైపు తిరిగి
ఎవరితోనో పడవల పన్ను గురించి
వాదిస్తున్నాడు.