వలపలగిలక

పేరు చిన్నదే, రెండక్షరాలు.
ఆ రెండింటి కోసమే మీ తాతకీ మున్సిపాలిటీకీ
ఏడాది పైగా తగువు.

నువ్వు పుట్టేవేళకి వాన లేదు.
వేట నిషేధానికి ఇంకా నాలుగు రోజులు,
చేపలరేవులో బోట్లు ఒకదాన్నొకటి ఒరుసుకుంటూ
కొత్త రంగులు ఆరబెట్టుకుంటున్నాయి.
కేజీహెచ్ కొండమీద, కాన్పుల వార్డు కిటికీలోంచి చూస్తే
సముద్రానిక్కూడా చెమట పట్టినట్టుంది.
ఫ్యాను తిరుగుతోంది గానీ గాలి రావడం లేదు.
నువ్వు ఏడ్చావు.
నర్సమ్మ బొడ్డుకి క్లిప్పు పెట్టేలోగా
డాల్ఫిన్స్ నోస్ వైపు నించి మొదటి జల్లు.

"ముందు గుంట, ఎనక వాన" అన్నాడు మా నాన్న.
చేతులకి పచ్చరంగు. ఎవరి బోటు మీదో
'గంగమ్మ'లో సున్నా సగం చుట్టి పరిగెత్తుకొచ్చాడు.

వర్ష అని మీ నాన్న కాగితం మీద రాశాడు.
నాన్న దాన్ని తిప్పి తిప్పి చూశాడు,
వంకర పలకని చూసే వడ్రంగిలాగ.
"ఏటి తాతారావూ, ర కింద ష నలిగిపోతంది.
నా మనవరాలి పేరులో
ఒక అచ్చరం ఇంకోదాని కాళ్ళకింద ఉండకూడదు."

అప్పుడు రాశాడు, నా మందుల చీటీ వెనక:

వష౯

ఆ చివరిది తొమ్మిది కాదమ్మా.
ర్ అనే పొల్లు, పాతకాలం వేషంలో.
వెనక రాస్తారు, ముందు పలుకుతారు.
నాన్నకి బ్రష్షు పట్టడం నేర్పిన ముసలి పెయింటరు
దాని పేరు కూడా నేర్పాడు.
"వలపలగిలక. పేరులోనే వలుంది సూడు,
గుంట ఆడుకోడానికి గిలకుంది.
వాలకం సూస్తే గేలం."

గేలానికి తగిలిన చేపలాగ
అక్కణ్ణించి మా బతుకు
జోనల్ ఆఫీసు మెట్లమీద కొట్టుకుంది.
కంప్యూటరు ముందు సత్యవేణి గారు
కీబోర్డంతా వెతికింది పాపం.
"ఈ మీట లేదండీ.
తెలుగు అంకెల్లో తొమ్మిదుంది, అచ్చం ఇలాగే ఉంటుంది, పెట్టనా?"
పెట్టింది.
తెర మీద ఎర్రగా వచ్చింది:
పేరులో అంకెలు అనుమతించబడవు.
"తొమ్మిది నెలలు మోసేం, అది అనుమతించేరా?"
అన్నాన్నేను, గొంతులోనే.

మూడోసారి వెళ్ళినప్పుడు
కొక్కెం ఎగిరిపోయి 'వష' అని అచ్చయి వచ్చింది.
నాన్న సర్టిఫికెట్ ముట్టుకోలేదు.
"ఉరుము లేని వాన ఇది. ఎనక్కి తీసుకోండి."
సత్యవేణి గారు వెనక్కి తీసుకోలేదు. ఆవిడకీ లంచ్ టైమైంది.

ఆ రాత్రి కరెంటు పోయింది.
ఈదురుగాలికి రేకులు కొట్టుకుంటున్నాయి.
కొవ్వొత్తి వెలుగులో నాన్న
బోటుకి మిగిలిన పచ్చరంగు డబ్బా మూత తీసి,
అన్నిటికన్నా సన్నని బ్రష్షు నాలుకతో తడిపి,
ప్రభుత్వ ముద్ర పక్కన, ష కి కుడివైపు
ఒక్క గీత తిప్పాడు. చెయ్యి వణకలేదు.
రాసిందంటే చెల్లదని మీ నాన్న నెత్తి కొట్టుకుంటే
"సెల్లకపోతే ఏటి, సదవ్వొస్తంది కదా."

చెల్లలేదు, నిజమే.
అంగన్‌వాడీకి వేరే కాగితం తెచ్చాం,
ర కింద ష ఉన్నదే. నాన్నకి చెప్పలేదు.
ఇప్పుడు నీకు రెండు పేర్లు, రెండూ ఒకేలా పలుకుతాయి.
ఒకటి ఫైల్లో ఉంది. రెండోది ట్రంకుపెట్టెలో,
ఇప్పటికీ కాస్త రంగు వాసనేస్తూ.

ఈ మధ్యే నీకు మాటలొచ్చాయి.
ర అనేది ఏ రాతలోనూ నీ నోరు తిరగదు.
ఇసకకాళ్ళతో గుమ్మం దగ్గర నిలబడతావు.
చూపానక తాత గడప వైపు ముఖం తిప్పి
"ఎవలే అది?" అంటాడు.
నీ పేరే చెప్తావు నువ్వు, నీకొచ్చినట్టు:
"వచ్చా."

నాన్న మంచం దిగి బయటికొచ్చి
ఆకాశం కేసి చెయ్యి చాపాడు.
వాన ఇంకా రాలేదు.