బాకీ

కుట్టుకూలి ఇయ్యనీకె పైసల్లేక
చిగుర్ల ఈదమ్మ ఒక గడ్డ ఇచ్చింది.
మోదుగాకుల చుట్టి, నారతోటి కట్టి,
మిషిను మీద పెట్టి
"ఇగో, నా రైక బాకీ" అన్నది.

అల్లం వాసన, అండ్లనే కొంచెం కర్పూరం.
చాయల ఎయ్యాల్నా, కూరల ఎయ్యాల్నా అంటే
"మన్నుల ఎయ్యి" అని నవ్వింది.
పేరేందన్న.
"పిలిస్తే వస్తదా? దానికి పేరెందుకు."

అచ్చంపేట బస్టాండు ఎనుక
నా దుకాణం గడప పక్కన
సున్నం డబ్బా ఒకటుండె, అండ్ల పాతిన.
వానలకు నాలుగాకులొచ్చినయి,
వెడల్పుగ, ఎనుక దిక్కు వంకాయ రంగు.
చలికాలం అవి గూడ వాలి, ఎండి, గాలికి పోయినయి.
ఉత్త మన్ను.
గిరాకీలు అండ్ల చాయ అడుగులు ఒంపిరి,
నేను తెగిన దారాలు, ఇరిగిన గుండీలు ఏసిన.
షట్టరు ఓనరు గాలెన్న
"అది సచ్చింది, డబ్బా నాకియ్యి,
కోళ్లకు నీళ్లు పెడ్త" అన్నడు.
ఇయ్యకపోతి. ప్రేమ గాదు, బద్ధకం.

మే నెల. మూడు దినాల సంది కరెంటు లేదు.
పెండ్లి రైకలు పదమూడు కుప్పవడ్డయి,
తొక్కి తొక్కి మోకాలు వాచింది.
పొద్దుగాల షట్టరు లేపితే
డబ్బాల మన్ను పగిలి ఉన్నది.
ఆకు లేదు, కాడ లేదు,
గుండీల నడుమ, నేల నుంచే పువ్వు.
పైకి రెండు తెల్ల రేకులు.
కిందికి రెండు,
గోటి కింద సూది దిగిన్నాటి రంగు.

దారాల పెట్టె గుమ్మరించి ఎతికిన.
నూట ఇరవై రీళ్లల్ల ఆ రంగు లేదు.
దగ్గరిది ఒకటి పక్కన పెడితే
మురికి లెక్క కనవడ్డది.
అంబటాల్ల దాక నిలవడ్డది పువ్వు,
మాపటికి తడిగుడ్డ.
ఎవ్వరికి చూపెట్టాల్నో తెల్వక
చూపెట్టలే.

వానలు పడ్డంక ఈదమ్మ వచ్చింది.
అదే రైక, చంకల కాడ పిగిలింది.
పూసిందంటే కండ్లు పెద్దవి జేస్తదనుకున్న.
"పూస్తది గద" అన్నది.
డబ్బా ఒరిగిచ్చి, చెయ్యి దింపి
గడ్డను బయటికి గుంజింది.
ఒకటి అయిదైంది. ఏర్లకు నా దారాలు,
ఎర్రవి, పచ్చవి, నల్లవి.
రెండు ఇరిచి కొంగుల కట్టుకున్నది.
"ఏందమ్మా, ఇచ్చింది మల్ల తీస్కపోతవా?"
"అడివిల నేను తవ్విన గుంత
ఇంక అట్లనే ఉన్నది" అన్నది,
"దానికి గూడ బాకీనే."

చంక కుట్టి ఇచ్చిన.
కత్తెర కనవడక
దారం పంటితోటి కొరికితే
నోట్ల కొంచెం కర్పూరం.