నిమిషం గడి

ఆ ఏడు మా జిల్లా మారింది.
ప్రకాశంలో నిద్రపోయి నెల్లూరులో లేచాం.
గోలు పోస్టులు మాత్రం ఉన్నచోటే ఉన్నాయి,
ఒకటి ఇనపది, ఒకటి సరుగుడు వాసాలది.

కందుకూరు డిగ్రీ కాలేజీ ఫుట్‌బాల్ జట్టు.
పద్నాలుగు మందిమి.
పద్నాలుగోవాణ్ణి నేను.
పేరుకి రెండో గోల్‌కీపర్ని,
పని స్కోరు పుస్తకం రాయడం.
"అబ్బయా, నీ రాత బాగుంటది"
అని పుస్తకం చేతికిచ్చాడు పీడీ చెంచిరెడ్డి సారు.
ఆట బాగుండదని అనకుండా అనడం
ఆయనకే తెలుసు.

గ్రౌండు నిండా చిల్లచెట్ల ముళ్లు.
వారానికోసారి సైకిలు షాపు ఖాజా దగ్గరికి పోయేది బంతి.
అతుకులు లెక్కబెట్టి
"ఇది బంతి కాదు, బొంత" అనేవాడు,
డబ్బులు మాత్రం అడిగేవాడు కాదు.
గీతలకు సున్నం చాలక
అంకబాబు వాళ్ల పొగాకు బ్యారన్ నించి బూడిద తెచ్చేవాడు.
గాలొస్తే పెనాల్టీ బాక్సు సగం
లేచి రోడ్డు దాటిపోయేది.

సుభానీది ఎడమ కాలు, అంకబాబుది కుడి కాలు.
ఇద్దరికీ కలిపి ఒక జత బూట్లు.
తన్నే కాలికి బూటు,
నిలబడే కాలికి నేల.
చూసి ముందు నవ్వింది సింగరాయకొండ వాళ్లు.
నవ్వుతూనే ఆరు కొట్టారు.

జిల్లాలు విడిపోయినా జోను ఇంకా విడిపోలేదు,
ఆరు కాలేజీలు.
ఉలవపాడు మూడు కొట్టి
బస్సెక్కేటప్పుడు సంచీడు సపోటాలిచ్చింది.
తింటూ తింటూ ఎవరూ స్కోరు మాట ఎత్తలేదు.
పామూరులో నాలుగు,
అందులో ఒకటి మావాడే, మా పోస్టులోకే.
కావలిలో వాన, సున్నాకు సున్నా.
ఆ రాత్రి మనిషికి ఇరవై వసూలు చేసి
బిర్యానీ పెట్టించాడు కెప్టెన్ ప్రసంగి.

ఇక మిగిలింది కనిగిరి.
వాళ్ల బస్సు టైరు పేలిందని
వలేటివారిపాలెం నించి ఫోను.
రెఫరీ గడియారం చూశాడు,
పావుగంట దాటితే గెలుపు మీదేనన్నాడు.
నేను పెన్ను మూత తీశా.
మూడు పాయింట్లు, ఆ మూడూ ఎంత అందంగా రాయాలో
అప్పటికే మనసులో దిద్దుకుంటున్నా.

ప్రసంగి వచ్చి పెన్ను లాక్కున్నాడు,
మేజోడులో దోపుకున్నాడు.
"వస్తన్నారంటగా. రానీ."

ఒక్క గెలుపన్నా లేకపోతే
వచ్చే ఏడు జట్టే ఉండదురా అని అరిచా.
పొద్దున బోర్డు ప్లాట్‌ఫారం మీద
పొగాకు బేళ్లు మోసొచ్చినవాడు,
పోస్టు నీడ ఎంతుంటదని?
ఆ బెత్తెడు నీడలో తల మటుకు పెట్టి
పడుకున్నాడు.

గంటా ముప్పావుకి వచ్చారు,
శనగ బస్తాల లారీ మీద,
కనురెప్పల దాకా దుమ్ముతో.
మా బిందెలో నీళ్లిచ్చాం.
ఆ నీళ్లు తాగి రెండు కొట్టారు.

పొద్దు వాటారింది.
ఆఖర్న ఒక కార్నరు,
ఎవరి తలకో తగిలి బంతి
సుభానీ కుడి కాలి ముందర పడింది.
బూటు లేని కాలు.
ఆలోచించే తీరికుంటే ఎడమకి మార్చుకునేవాడే.
తన్నాడు.
సరుగుడు వాసం లోపలంచున దడేల్మంది,
బెరడు పెచ్చు ఒకటి రాలింది,
బంతి లోపలుంది.

ఆ ఏడంతా మేం కొట్టిన గోలు అదొక్కటే,
మాకు మేం కొట్టుకుంది కాక.

ఓడాం. ఆ మూడు పాయింట్ల గురించి
ప్రసంగితో ఇప్పటికీ పోట్లాడతా.
తప్పు నాదో వాడిదో తేలలేదు.

పుస్తకం స్టోరు రూములో ఉంది, నా రాతతో.
గోలు: షేక్ సుభానీ.
ఏ కాలో రాసే గడి దాంట్లో లేదు,
పక్కన నేనే "కుడి" అని పెట్టా.
నిమిషం గడి ఖాళీ.

అప్పుడు పెన్ను ప్రసంగి మేజోడులో ఉంది,
నేను గ్రౌండు మధ్యలో ఉన్నా.