సింగన్న నిజరూపం

పర్లాకిమిడిలో వైశాఖం.
పొద్దున్న ఎనిమిదికే గడపమీద చెయ్యి ఆనదు.
మా కొమ్ముపని కొట్టులో
దువ్వెన్లు అరగదీసే చక్రం కూడా మధ్యాహ్నానికి మొరాయిస్తుంది.
దాని పక్కనే, గుమ్మానికి అడ్డంగా,
ఎవరో విప్పి పడేసిన కంబళిలా
సింగన్న.

అసలు పేరు సెంగె. సింహమని అర్థమట.
చంద్రగిరి కొండమీది టిబెట్టోళ్ళ కుక్క.
చలికాలమంతా బజార్లో స్వెట్టర్లు పరిచిన డోల్కరమ్మ
మిగిలిన సరుకు మూటగట్టుకొని
దీన్ని మాత్రం మా అరుగుమీద దించింది.
"మోకాళ్ళు పోయాయి. కొండెక్కలేదు. వానలకి వస్తాను."
మా వీధి నోట్లో పడి
సెంగె రెండు రోజుల్లో సింగన్నయిపోయింది.

"గొరిగించెయ్ మావా, సచ్చిపోద్ది" అన్నారందరూ.
భండారి దండాసి మిషనుతో సహా వచ్చేశాడు.
డోల్కరమ్మకి ఫోను చేశాను.
అటునుంచి మొక్కజొన్న ఒలిచే చప్పుడు,
తర్వాత సగం ఒరియా సగం తెలుగులో ఆమె:
"గొరగొద్దు. ఆ బొచ్చు ఎండకీ గొడుగే.
లోపలిది రాలాల, పైది ఉండాల. దువ్వు.
తెల్లారకముందు కడుగు. తోలు దాకా తడవాల.
తడి మిగిల్తే పుండు."
దండాసి వచ్చినందుకు
నా గెడ్డం గీసి పోయాడు.

ముప్పయ్యేళ్ళుగా మనుషుల తలలకి దువ్వెన్లు కోస్తున్నాను.
కుక్కకి కోయడం ఇదే మొదలు.
గేదె కొమ్ము. పళ్ళు ఎడంగా, మొనలు మొండిగా.
గుచ్చుకుంటాదేమోనని నా చెంపమీదే గీసి చూసుకున్నాను.

నాలుగింటికి మహేంద్రతనయ ఇసక ఇంకా రాత్రిలోనే ఉంది.
ఏట్లో నీరు లేదు, నీటి జాడుంది.
మా పిల్ల పైడితల్లి చెలమ తవ్వింది.
మొదటి ఐదు చెంబులూ
చేమాకు మీంచి జారినట్టు జారిపోయాయి.
సింగన్న మావైపు చూళ్ళేదు;
అప్పులోడు గుమ్మంలోకొస్తే నేను చూసినట్టు
ఎటో చూస్తోంది.
వేళ్ళతో పాయలు తీసి పోశాను,
చెవుల వెనక, తొడల సందున.
పదో చెంబుకో పన్నెండుకో
లోపలెక్కడో నీరు తోలుని ముట్టుకుంది.
ఒళ్ళంతా ఒక్క నిట్టూర్పు.
అంతే, చెలమలోనే కూలబడింది.
పైడితల్లి ఇంకోటి తవ్వుకోవాల్సొచ్చింది, తిడుతూ.

తడిసేసరికి
ఏదీ ఆ సింహం?
మేకపిల్లంత.
లెక్కపెట్టగలిగిన పక్కటెముకలు, వంగిన వెన్ను,
మెడచుట్టూ, ఎప్పటి గొలుసు ఒరుసుకుందో,
వెంట్రుక మొలవని ఉంగరం.

సింహాచలంలో ఏడాదికొక్కనాడు చందనం ఒలుస్తారు.
రాత్రంతా క్యూలో నిలబడి వెళ్ళిన మా అమ్మ
"ఇంత చిన్నోడివా సామీ" అని ఏడ్చిందట.
ఎందుకేడ్చావని
నేనెప్పుడూ అడగలేదు.

దువ్వెన లోతుకి దిగింది.
బూడిదరంగు ఊలు ఊడొచ్చింది,
గుప్పెడు, దోసెడు, తట్టెడు.
"దీంతో స్వెట్టరల్లి డోల్కరమ్మకే అమ్ముదాం నాన్నా."
సింగన్న ఒక్క విదిలింపు విదిలించి
మా ఇద్దరికీ స్నానం చేయించింది.
గట్టెక్కగానే, ఇంకెక్కడా చోటు లేనట్టు,
ఇటుకబట్టీ బూడిదలో పొర్లింది.

సాయంత్రం ఫోన్లో అన్నీ చెప్పాను,
ఊలు సంగతి, బూడిద సంగతి.
ఉంగరం సంగతి చెప్పలేదు.
ఆమే అడిగింది:
"మెడ దగ్గర మెల్లగా దువ్వావా?"
ఊఁ అన్నాను.
చాలాసేపు
అటునుంచి మొక్కజొన్న చప్పుడు కూడా లేదు.